ఒరకనుమ వీరన్న: కత్తి ఒర చేరిన వైనం

పెన్నేటికి దక్షిణంగా సాగే ఎర్రకొండల వరుసలో, రెండు గుట్టలు దగ్గరగా వచ్చి ఒకదాన్నొకటి తాకకుండా ఆగిపోయిన చోట ఒరకనుమ ఉంది. కొండ కింద బస్సు దిగిన భక్తులు మెట్లదారిన అరగంట నడిస్తే శ్రీ వీరభద్రస్వామి కోవెలకు చేరుకుంటారు. ఎండాకాలంలో వచ్చేవారు పొద్దున తొమ్మిది లోపల ఎక్కడం మంచిది, బండలు కాలుతాయి. కోవెల చిన్నది. గాలిగోపురం లేదు, ప్రాకారం లేదు. నాలుగు రాతికంబాల మంటపం, దాని వెనుక ఒక్క గది గర్భాలయం. మంటపం ఎదుట, సాధారణంగా ధ్వజస్తంభం ఉండే తావులో, మట్టితో అలికిన కమ్మరికొలిమి ఒకటి కనిపిస్తుంది.

స్వామివారిది నిలువెత్తు విగ్రహం. కోరమీసాలు, మెడలో కపాలమాల, ఎడమచేతిలో డాలు. పాదాల దగ్గర మేకతల దక్షుడు చేతులు జోడించి నిలబడి ఉంటాడు. ఇంతవరకు సీమలోని వీరభద్రాలయాలన్నింటిలో కనిపించేదే. తేడా కుడిచేతిలో ఉంది. ఆ చేతిలో రాతికత్తి లేదు. తొలిచిన పిడికిలిలో, ఇనుప ఒరలో దిగిన నిజమైన కత్తి నిలిపి ఉంటుంది. అందుచేతనే స్వామికి ఒర వీరన్న అనీ, ఈ తావుకు ఒరకనుమ అనీ పేర్లు వచ్చాయి. ఆ ఒర ఎట్లా వచ్చిందో పెద్దలు తరతరాలుగా చెప్పుకుంటూ వచ్చిన విధంగానే ఇక్కడ తెలియజేస్తున్నాము.

పూర్వం ఇక్కడ కోవెల లేదు, మెట్లు లేవు. పాలెగాళ్ళు సీమను ఏలుతున్న కాలమది. అప్పట్లో దీన్ని దొంగలకనుమ అనేవారు. ఇటువైపు పల్లెలవారు అటువైపు పల్లెలకు పోవాలంటే ఈ ఇరుకుదారే దిక్కు. ఒంటరిగా వచ్చినవాణ్ణి దొంగలు నిలువునా దోచుకునేవారు, ఎదురు తిరిగితే బల్లెంతో పొడిచేవారు. పెళ్ళివారు కూడా ఇక్కడికి రాగానే మేళం ఆపేసి, చప్పుడు లేకుండా దాటుకునేవారట.

కనుమకు ఉత్తరాన రేగులపల్లె అనే ఊళ్ళో కాళప్ప అనే కమ్మరి ఉండేవాడు. తండ్రి రాయలింగాచారి చేసిన కత్తి పదేళ్ళకైనా పదును పోదని పేరు. ఆయన కాలం చేశాక తల్లి గురవమ్మ, కాళప్ప, తమ్ముడు మోనప్ప ఆ కొలిమిని నిలబెట్టుకున్నారు. రాయలింగాచారి పిల్లల్లో అందరికంటే పెద్దది పేరమ్మ. ఆమెను కనుమకు అవతల ఉన్న నల్లబండలో సిద్ధయాచారికి ఇచ్చారు. అతడూ పనిమంతుడైన కమ్మరే. పెళ్ళినాడు రాయలింగాచారి తన చేత్తో చేసిన చురకత్తి ఒకటి అల్లుడికి కానుకగా ఇచ్చాడు.

కాళప్ప పట్టకారు పట్టుకుని ఇనుమును తిప్పుతుంటే మోనప్ప సమ్మెట వేసేవాడు. ఒకరి ఊపిరి ఒకరికి తెలిసినట్టు ఉండేది వారి పని. కాళప్ప నోరు తెరిచి చెప్పనవసరం లేకుండానే దెబ్బ ఎక్కడ పడాలో అక్కడ పడేది. మోనప్పకు ఇరవై రెండేళ్ళు. ముక్కుసూటి మనిషి, అబద్ధం చెప్పడం చేతకానివాడు. ఒకనాడు అక్కను చూసి వస్తానని నల్లబండకు పోయాడు. రెండు రోజులకు తిరిగివస్తూ ఈ కనుమలో శవమై పడ్డాడు.

గొర్రెలకాపరులు చూసి కబురుచేశారు. దొంగలే చంపారని ఊరంతా అనుకుంది. మట్టి చేసేముందు శరీరానికి నీళ్ళు పోస్తుంటే, ఎడమ డొక్కలో కాళప్ప వేలికి ఏదో గట్టిగా తగిలింది. బయటికి తీశాడు. వేలి గోరంత ఇనుపముక్క, కత్తి మొన. ఎముకకు తగిలి విరిగి లోపల ఉండిపోయింది. గురవమ్మ దాన్ని చెంగుతో తుడిచి, గుడ్డలో మూటకట్టి, పెద్దకొడుకు మెడలో వేసింది. ఈ మొన ఏ కత్తిదో ఆ కత్తివాడి తల నేలబడేదాకా తాను తలకు చమురు రాసుకోనని ఆ తల్లి శపథం చేసింది. కాళప్ప సరేనన్నాడు. పేరమ్మ వచ్చి తమ్ముడి మీద పడి ఏడ్చింది. సిద్ధయ కూడా వచ్చాడు, పాడె కూడా మోశాడు.

పగ పట్టినవాడు సాధారణంగా కత్తి పట్టుకుని అడవిలో పడతాడు. కాళప్ప అట్లా చేయలేదు. మొన విరిగిన కత్తిని ఎవడూ పారెయ్యడు, ఎప్పుడో ఒకప్పుడు కమ్మరి దగ్గరికి తెస్తాడు అని అతనికి తెలుసు. అందుచేత చిన్న కొలిమి ఒకటి తయారుచేసుకుని, మేకతోలు తిత్తి భుజాన వేసుకుని, చుట్టుపక్కల జరిగే ప్రతి సంతకూ పోవడం మొదలుపెట్టాడు. కొడవళ్ళు, మచ్చుకత్తులు, బాకులు, ఏవి వచ్చినా సాగదీసి పదును పెట్టి ఇచ్చేవాడు. మొండికత్తి కనబడితే మాత్రం మెడలోని మూట విప్పి, మొనను దానికి ఆనించి చూసేవాడు. కుదరకపోతే మళ్ళీ మూట కట్టుకునేవాడు.

ఇట్లా మూడేళ్ళు గడిచాయి. ఆ మూడేళ్ళలో అతడు చూసిన మొండికత్తులకు లెక్కలేదు. భార్య, పసికొడుకు ఇంట్లో ఉన్నా అతనికి వారి ధ్యాస ఉండేది కాదు. సమ్మెట వేసేవాడు లేక పెద్దపనులు మానుకున్నాడు. ఎవరినీ తోడు పెట్టుకోలేదు. ఆ సమ్మెట మోనప్పదని, ఇంకొకడి చేత పట్టించననీ అనేవాడు. ఇంటికి పోయినప్పుడల్లా తల్లి గడపలోనే నిలబడి, దొరికిందా అని ఒక్కమాట అడిగేది. చమురు లేక అట్టలు కట్టిన ఆమె తల చూసి కాళప్ప మర్నాడే మళ్ళీ బయలుదేరేవాడు.

నాలుగో ఏడు ఎండలు ముదురుతున్న రోజుల్లో, చింతగుంట సంతకు పేరమ్మ వచ్చింది. మిరపకాయలు కొనుక్కుని, తమ్ముడు వచ్చాడని తెలిసి వెతుక్కుంటూ కొలిమి దగ్గరికి చేరింది. పిల్లల సంగతులు చెప్పింది, తల్లి ఎట్లా ఉందని అడిగింది. ఆ తర్వాత గంపలోంచి గుడ్డ చుట్టిన కత్తి ఒకటి తీసి అతని ముందు పెట్టింది.

“నాయన చేతికత్తి ఇది. బొగ్గులతట్ట కింద పడి ఉంటే మొన్న దొరికింది. మొన ఎప్పుడు పోయిందో నాకు తెలియదు. కమ్మరి ఇంట్లో కత్తి మొండిగా పడి ఉంటే ఎట్లా? మీ బావను అడిగితే పలకలేదు. నువ్వన్నా సరిచేసి ఇవ్వు కాళప్పా” అంది.

కాళప్పకు మొదట సంతోషమే కలిగింది. పిడి దగ్గర తండ్రి కొట్టిన త్రిశూలం గుర్తును బొటనవేలితో నిమిరాడు. ఆ వేలు మెల్లగా కిందికి జారి, విరిగిన చోట ఆగింది. మూడేళ్ళుగా చేసిచేసి అలవాటైన చేయి దానంతట అది మెడలోని మూట విప్పింది. మొనను ఆనించాడు. వెంట్రుక దూరే సందైనా లేదు.

ఆ మూట ఏమిటో పేరమ్మకు తెలుసు. కొలిమి పక్కనే నేల మీద కూర్చుంది. కొడవళ్ళు తెచ్చినవాళ్ళు కాసేపు చూసి, పలకకపోతే పక్కకు పోయారు. ఆమె చెయ్యి చాచి మొనను అరచేతిలోకి తీసుకుంది.

“ఆ పొద్దు మోనప్ప బయలుదేరినాక, ఆయన బొగ్గులకని కొండకు పోయినాడు” అంది. “ఒట్టి చేతులతో వచ్చినాడు. నేను అడగలేదు.”

కాళప్ప కత్తి పిడి బిగించి పట్టుకున్నాడు. అతని కళ్ళు చూసి ఆమెకు అర్థమైంది. కాళ్ళు పట్టుకోలేదు, ప్రాధేయపడలేదు.

“మోనప్ప నాకూ తమ్ముడే. వాణ్ణి చంకనేసుకొని పెంచింది నేను. నీకు అడ్డం రాను. కానీ నా ఇంటికి రావద్దు, నా పిల్లల కళ్ళముందు వద్దు. సోమవారం పొద్దున నేనే ఆయన్ను కనుమలోకి పిలుచుకొని వస్తా. వాడు పడినచోటికే.”

అంతమాత్రం చెప్పి, కత్తినీ మొననూ అతని దగ్గరే వదిలి, మిరపకాయల గంప ఎత్తుకుని వెళ్ళిపోయింది.

కాళప్ప రేగులపల్లెకు వచ్చి పెద్దకొలిమి రాజేశాడు. ఆ చురకత్తినీ దాని మొననూ కొత్త ఇనుముతో కలిపి కాల్చి, రెండు పగళ్ళు ఒంటరిగా సుత్తి వేసి, మూరెడు కత్తి ఒకటి సాగదీశాడు. గురవమ్మ గడపలో కూర్చుని చూసింది. దొరికిందని ఆమెకు తెలిసిపోయింది. ఎవరని అడిగింది. కాళప్ప తల వంచుకుని పని చేసుకున్నాడే గాని బదులు చెప్పలేదు. మూడేళ్ళుగా ఎదురుచూసిన మాట తల్లికి చెప్పలేకపోవడం అతనికే వింతగా తోచింది. చెబితే ఆమెకు కొడుకు పగ తీరుతుంది, కూతురి పసుపుకుంకుమలు పోతాయి. ఒక్క నోటితో ఆ రెండు కబుర్లు ఎట్లా చెప్పాలో అతనికి తెలియలేదు.

సోమవారం తెల్లవారగానే కనుమకు చేరాడు. మోనప్ప పడినచోట దారినపోయేవాళ్ళు తలా ఒక రాయి వేయగా చిన్న కుప్ప అయింది. దాని పక్కన, విరిగిపడిన మట్టిపెళ్ళల నీడలో కూర్చున్నాడు. కత్తికి ఒర లేదు, ఒళ్ళో అడ్డంగా పెట్టుకున్నాడు. పొద్దెక్కింది. ఎవరూ రాలేదు. అక్క మాట తప్పిందేమో, మొగుణ్ణి ఏ దేశానికో పంపివేసిందేమో అనుకున్నాడు. అట్లా అనుకున్నందుకు సిగ్గుపడ్డాడు కూడా. రెండురోజులుగా నిద్ర లేని కళ్ళు ఎండకు వాటంతట అవే మూతపడ్డాయి.

ఆ కునుకులో కోరమీసాల వీరుడొకడు అతని ఎదుట నిలిచాడు. నడుము దాకా మట్టిలో ఉన్నాడు. కుడిచెయ్యి ముందుకు చాచి, తనకు ఒర చేసిపెట్టమని అడిగాడు. కాళప్ప కలలోనే కోపం తెచ్చుకున్నాడు. సతీదేవి కోసం దక్షుడి తల తెగనరికిన దేవరవు నువ్వు, నీ పగ నువ్వు తీర్చుకున్నావు, నాది తీర్చుకోబోయే వేళకు ఒర అడగడం న్యాయమా అన్నాడు.

దానికి స్వామి ఇట్లా సెలవిచ్చాడు: “తల నరికినంతసేపు బాగానే ఉంది నాయనా. తిరిగి చూస్తే ఆయన ఇల్లాలు నిలబడి ఉంది. సతికి తల్లి. కూతురూ పోయి మొగుడూ పోయిన మనిషి. ఆమెకు చెప్పడానికి నా దగ్గర మాట లేకపోయింది. ఆనాడు నాకు ఒర లేదు. నీ తమ్ముడు పడినచోటనే ఉన్నాను. నన్ను లేపు.”

కాళప్ప ఉలిక్కిపడి లేచాడు. ఎదురుగా మట్టిపెళ్ళల మధ్య నల్లని రాయి అంచు కనిపించింది. చేతిలో ఉన్న పనిముట్టు ఆ కత్తి ఒక్కటే. దానితోనే తవ్వాడు. రాళ్ళకు తగిలి అంచు రెండుచోట్ల పలుకుపోయింది. కిరీటం బయటపడింది, మీసాలు బయటపడ్డాయి, తొలిచిన పిడికిలి, చివరికి పాదాల పక్కన మేకతల బయటపడ్డాయి. ఆ తవ్వకంలో మునిగి ఉండగానే వెనుక అడుగుల చప్పుడైంది.

వచ్చినవాళ్ళు ఇద్దరు కాదు, ముగ్గురు. పేరమ్మ, ఆమె వెనుక సిద్ధయ, వారి వెనుక కర్ర ఊతంతో గురవమ్మ. తల్లికి తెలియకుండా ఇది జరగరాదని తోచి, పేరమ్మ ముందురోజు రాత్రే సిద్ధయను వెంటబెట్టుకుని కనుమ దాటి రేగులపల్లెకు బయలుదేరింది. ఎందుకు పోతున్నారో అతనికి ఇంట్లోనే చెప్పింది. కత్తి తమ్ముడి దగ్గర ఉందనీ, మొన కుదిరిందనీ చెప్పింది. సిద్ధయ కాదనలేదు, పారిపోనూ లేదు. బావి దగ్గరికి పోయి స్నానం చేసి, పిల్లల తలలు నిమిరి వచ్చాడు. కాళప్ప చీకటితోనే వేరే కాలిబాటన కనుమకు బయలుదేరినందున వారికి ఎదురుపడలేదు. ఇంటి గడపలో తల్లి ఒక్కతే కూర్చుని ఉంది. సంగతి తల్లికి చెప్పవలసింది తానేనని పేరమ్మ అనుకుంది, చెప్పింది. గురవమ్మ విని కర్ర అందుకుంది.

సిద్ధయ రాళ్ళకుప్ప ముందు మోకరించాడు. జరిగింది జరిగినట్టు చెప్పుకొచ్చాడు. దొంగలు మొదట బెదిరించి అతనిచేత బల్లేలు చేయించుకున్నారు. తర్వాత బెదిరించే అవసరం లేకపోయింది, అలవాటైపోయింది. మోనప్ప అక్కను చూడవచ్చినప్పుడు గడ్డివాములో దాచిన బల్లేలు చూశాడు. బావను పక్కకు పిలిచి, నీ అంతట నువ్వే పాలెగాడి ముందు ఒప్పుకో, లేకుంటే నేను చెప్పక తప్పదు అన్నాడు. అతడు బయలుదేరగానే సిద్ధయ వెనకాలే వచ్చాడు. ఇక్కడ దారికి అడ్డంపడి బతిమాలాడు. మోనప్ప తన మాట మార్చుకోలేదు.

“కాళ్ళు పట్టుకుందామనే వచ్చినాను. కత్తి చేతికి ఎప్పుడొచ్చిందో నాకు తెలియదు” అన్నాడు సిద్ధయ.

“తెలియకుండా రాదు” అన్నాడు కాళప్ప.

“అవును. తెలిసే తీసినాను” అన్నాడు సిద్ధయ. ఆ తర్వాత మెడ వంచాడు. ఆనాటినుంచి కొలిమి దగ్గర తన దెబ్బ నిలవడంలేదనీ, ఆ కత్తిని కొలిమిలో వేయబోయిన ప్రతిసారీ మామ మొహం కనిపించి వేయలేకపోయాననీ అన్నాడు. ఇవన్నీ జాలి కోసం చెప్పడంలేదని కూడా అన్నాడు.

కాళప్ప కత్తి ఎత్తాడు. పేరమ్మ ఇచ్చిన మాటకు కట్టుబడి పక్కకు తొలగి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. కాళప్ప కళ్ళు మాత్రం తల్లివైపు పోయాయి. గురవమ్మ వారెవరినీ చూడటంలేదు. మట్టిలోంచి అప్పుడే బయటపడిన విగ్రహం దగ్గర వంగి, పాదాల పక్కన ఉన్న మేకతలను చెంగుతో తుడుస్తోంది.

“కాళప్పా, ఈయన దేవుడు. నరికినచోట మేకతలనన్నా పెట్టి లేపగలిగినాడు” అంది ఆ తల్లి. “నువ్వు ఏం పెడతావు నాయనా? పేరమ్మ పిల్లలు అడిగితే ఏ తల తెచ్చి చూపిస్తావు? మూడేళ్ళు నిన్ను ఎగదోసింది నేనే. ఆ మాట నేనే వెనక్కి తీసుకుంటున్నా.”

కలలో విన్న మాటే తల్లి నోట రావడంతో కాళప్ప చెయ్యి గాలిలోనే నిలిచిపోయింది. గురవమ్మ లేచి అల్లుడి ముందుకు వచ్చింది.

“నిన్ను క్షమించినానని అనుకోవద్దు సిద్ధయా. ఆ మాట నా నోట రాదు, నువ్వు అడగొద్దు. పాలెగాడి దగ్గరికి పోయి నీ నోటితోనే అన్నీ చెప్పు. ఆయన తల తీయిస్తే అది ఆయన ధర్మం. తీయించకపోతే నా కొడుకు చేసే పని నువ్వు చెయ్యి. నా కొలిమి దగ్గర సమ్మెట వేసేవాడు లేడు.”

కాళప్ప కత్తి దించాడు. అది అంత సులువుగా దిగలేదని, చెయ్యి దించడానికి ఎత్తడానికంటే ఎక్కువ బలం పట్టిందని అతడే తర్వాత కొడుకుతో చెప్పుకున్నాడట. దించి, స్వామి కలలో ఒర అడిగిన సంగతి ముగ్గురికీ చెప్పాడు. రెండు రేకులు కాల్చి కలిపే పని ఒక్కడివల్ల కాదనీ, పట్టుకునేవాడొకడు కొట్టేవాడొకడు కావాలనీ అన్నాడు.

మర్నాడు పొద్దున సంతల కొలిమిని కనుమకు మోసుకొచ్చి స్వామి ఎదుట దించారు. గురవమ్మ తిత్తి ఊదింది. పేరమ్మ బొగ్గులు ఎగదోసింది. కాళప్ప ఎర్రగా కాలిన రేకును పట్టకారుతో దాగలి ఇనుపదిమ్మె మీద పెట్టి, తల వంచి పట్టుకున్నాడు. మోనప్ప సమ్మెటను మోనప్పను చంపినవాడి చేతికి ఇచ్చారు. వంగిన కాళప్ప తలకు, ఎత్తిన ఆ సమ్మెటకు మధ్య మూరెడు దూరం లేదు. మొదటి దెబ్బ రేకు మీద పడలేదు, దాగలి అంచుకు తగిలి నిప్పురవ్వలు లేచాయి. కాళప్ప వేళ్ళకు వెంట్రుకవాసిలో దెబ్బ తప్పింది. సిద్ధయ సమ్మెట కింద పెట్టబోయాడు.

“మళ్ళీ కొట్టు బావా” అన్నాడు కాళప్ప.

సంతలో కత్తి చూసినప్పటినుంచి అతడు ఆ వరుసతో పిలవడం అదే మొదలు. సిద్ధయ ముఖం పక్కకు తిప్పుకుని, కళ్ళు తుడుచుకుని మళ్ళీ ఎత్తాడు. రెండో దెబ్బ రేకు మీద పడింది. మూడోది పడవలసినచోట పడింది. మధ్యాహ్నానికి రెండు రేకులూ సాగి, అంచులు వంగి, నాలుగు చీలలతో ఒక్కటయ్యాయి. కాళప్ప తన కత్తిని ఆ ఒరలోకి దించి చూశాడు, సరిపోయింది. ఇద్దరూ కలిసి దాన్ని స్వామి పిడికిలిలో నిలిపారు. ఆ సాయంత్రం పేరమ్మ తల్లి తలకు చమురు పెట్టి, చిక్కులు తీసి జడ వేసింది.

సిద్ధయ పాలెగాడి ఎదుట నిలబడి తాను చేసిన హత్యనూ, చేసిచ్చిన బల్లేలనూ, దొంగల స్థావరాన్నీ చెప్పాడు. పాలెగాడి మనుషులు వారం తిరక్కుండా దొంగలను పట్టుకున్నారు. గురవమ్మను పిలిపించి ఈతణ్ణి ఏంచెయ్యమంటావని పాలెగాడు అడిగితే, ఆమె కనుమలో చెప్పిన మాటే మళ్ళీ చెప్పింది. సిద్ధయ బతికినంతకాలం ఆయుధం చేయరాదనీ, దొంగలకు అప్పగించిన కనుమను తానే కాపాడాలనీ తీర్పయింది. అతడు సగం దినాలు రేగులపల్లె కొలిమి దగ్గర సమ్మెట వేసేవాడు, మిగిలిన సగం ఇక్కడ మెట్లు కొట్టేవాడు. ఈనాడు మనం ఎక్కే మెట్లలో కిందివి చాలావరకు అతని చేతివే. దారినపోయేవారికి కుండలో నీళ్ళు పెట్టి, చీకటిపడితే దివిటీ పట్టి దాటించేవాడు.

కాళప్ప మనసు ఒక్కరోజులో మారిందని ఎవరూ చెప్పరు. పక్కపక్కన పని చేసినా, బావతో ఒక్క పంక్తిన కూర్చుని అన్నం తినడానికి అతనికి ఏడేళ్ళు పట్టింది. మొదటిసారి కూర్చున్ననాడు గురవమ్మే ఇద్దరికీ వడ్డించింది. ఆ తర్వాత పేరమ్మ కూతురిని కాళప్ప కొడుక్కి చేసుకుని మేనరికం కలుపుకున్నారు. పెళ్ళివారు కనుమ దాటేటప్పుడు మేళం ఆపలేదు. గురవమ్మ నిండుకాలం బతికి కన్నుమూసింది. పాడెకు ముందు ఒక కొమ్ము కాళప్ప, రెండో కొమ్ము సిద్ధయ పట్టారు. ఆ ఉభయవంశాల వారే నేటికీ కోవెల కొలిమికి హక్కుదారులు.

మహాశివరాత్రి తర్వాతి సోమవారం ఇక్కడ తిరునాళ్ళ జరుగుతుంది. ‘దశ్శరభ శరభ’ అంటూ ఖడ్గాలనే వీరస్తుతులు చదువుతారు, నిప్పులగుండం తొక్కుతారు. స్వామి కత్తిని మాత్రం ఏటా ఆ ఒక్కనాడు వేలెడంత పైకి జరిపి, నువ్వులనూనె చుక్కలు వేసి మళ్ళీ దించుతారు. పూర్తిగా దూసిన సందర్భం లేదు. ఇక్కడ జంతుబలి లేదు. కొబ్బరికాయ, చెరకుముక్క, రాగిపిండి నైవేద్యం.

ఒకరిపై ఒకరు పగ పట్టిన కుటుంబాలు ఈ సన్నిధికి వచ్చి ఒర కట్టించుకోవడం ప్రధానమైన మొక్కు. ఒక పక్షంవారు సగం ఒర, రెండో పక్షంవారు సగం ఒర తేవాలి. ఇనుపదైనా తగరపుదైనా, శక్తి లేనివారు కర్రదైనా తేవచ్చు. ఒక పక్షంవారు పట్టకారు పట్టాలి, రెండో పక్షంవారు సుత్తి వేయాలి. చీల బిగిశాక ఇరువురూ ఒకే పళ్ళెంలో రాగిసంకటి తింటారు. అన్నదమ్ములు వస్తారు, వియ్యంకులు వస్తారు, తండ్రి మీద అలిగి ఊరు వదిలిన కొడుకులు వస్తారు. కోర్టు కాగితాలు సంచిలో పెట్టుకుని వచ్చి, వాటిని కొలిమిలో వేసి పోయినవారు కూడా ఉన్నారు. ఇక్కడ కలిసినవారి ఇళ్ళలో పిల్లలు చల్లగా ఉంటారనీ, కోపం మనిషిని మించకుండా స్వామి కాపాడతాడనీ భక్తుల నమ్మకం.

రెండో పక్షం రానంటే ఏంచేయాలని చాలామంది అడుగుతుంటారు. సగం ఒర ఒక్కటే పట్టుకుని వచ్చినవారిని అర్చకులు తిప్పిపంపరు. పేరు రాసి, మంటపం దక్షిణపు గోడకు వేలాడదీస్తారు. ఆ గోడ మీద ఇప్పుడు కూడా నూటికి పైగా సగం ఒరలు ఉన్నాయి. కొన్ని తుప్పుపట్టాయి, కొన్నింటి మీద పేర్లు చెరిగిపోయాయి. అయినా ప్రతి తిరునాళ్ళకూ ఎవరో ఒకరు రెండో సగం చేతబట్టుకుని మెట్లెక్కి వస్తారు, గోడ మీదివాటిలో రెండో మూడో జతకూడి కిందికి దిగుతాయి. నిరుడు అయిదు దిగాయి.